ఒక సలాడు, ఇద్దరు హక్కుదారులు

న్యూయార్క్ గ్రాండ్ సెంట్రల్ స్టేషన్‌లో రైలు తప్పిపోయిన ఒక పెద్దావిడ, ఆవిడ కొన్న సలాడు, దాన్ని తింటూ కనిపించిన ఒక నల్లజాతి మనిషి. ఆడమ్ డేవిడ్‌సన్ ‘ది లంచ్ డేట్’ సరంజామా ఇంతే. కొలంబియా విశ్వవిద్యాలయంలో చదువుకుంటూ బ్లాక్ అండ్ వైట్‌లో తీసిన ఈ లఘుచిత్రానికి 1990లో కాన్స్‌లో పామ్ డోర్, మరుసటి ఏడాది ఆస్కార్ వచ్చాయి. మాటలు బాగా తక్కువ. పాత్రలు నగరవాసులు కనుక అదో లోటుగా అనిపించదు.

స్టేషన్‌లో ఆవిడ ఒక నల్లజాతీయుడికి తగిలి చేతిసంచి జారవిడుస్తుంది. అతను సాయం చేయబోతే వద్దంటుంది. తర్వాత పర్సు కనబడదు. సాయానికి వంగినవాడే మొదటి ముద్దాయి కావడం మహానగర న్యాయశాస్త్రం.

ఉన్న చిల్లరతో ఫలహారశాలలో సలాడు కొని, బల్లమీద పెట్టి, ఫోర్కు కోసం వెళ్లొస్తుంది. చూస్తే మరో నల్లజాతి మనిషి తింటున్నాడు! అది తనదంటుంది. అతను నవ్వేసి తినడం ఆపడు. ఆవిడ ఎదురుగా కూర్చుని అదే పళ్లెంలో ఫోర్కు గుచ్చుతుంది. అతను అడ్డు చెప్పడు సరికదా, లేచి వెళ్లి రెండు కాఫీలు తెస్తాడు. ఆవిడ లెక్కలో ఒక దొంగ తన బాధితురాలికి మర్యాద చేస్తున్నాడు. హైదరాబాద్ ఇరానీ హోటల్లో అయితే ఈ కథకు మొదటి రీలులోనే శుభం కార్డు పడేది. ముక్కూ మొహం తెలియనివాళ్లు ఒకే బల్ల చుట్టూ కూర్చోవడం అక్కడ మామూలే.

బయటికొచ్చాక సంచులు మరిచిన సంగతి గుర్తొస్తుంది. పరుగున వెళ్తే మనిషీ లేడు, సంచులూ లేవు. అనుమానం రుజువైందన్న తృప్తి కాసేపే. పక్క బల్ల దగ్గర సంచులు భద్రంగా ఉన్నాయి, ముట్టని సలాడుతో సహా. ఇంతసేపూ ఆవిడ తిన్నది అతని భోజనం. ఆవిడ నవ్వుకుని రైలెక్కుతుంది. క్షమాపణ అందుకోవడానికి అతను ఎలాగూ లేడు.

ఆవిడ సరైన బల్లకే వెళ్లి ఉంటే ఇద్దరూ ఎవరి పళ్లెం వారు ముందు పెట్టుకుని, ఆస్తి హక్కులకు భంగం లేకుండా, సలక్షణంగా ఒంటరిగా తినేవారు. కాఫీ ఒకటే అమ్ముడయ్యేది.

అమెరికా 2013లో ఈ సినిమాను జాతీయ చలనచిత్ర రిజిస్ట్రీలో భద్రపరిచింది. ఒంటరితనాన్ని ప్రజారోగ్య సమస్యగా అక్కడి అప్పటి సర్జన్ జనరల్ వివేక్ మూర్తి హెచ్చరించింది మాత్రం 2023లో. బ్రిటన్ 2018లోనే, జపాన్ 2021లో ఒంటరితనాన్ని ఎదుర్కొనే బాధ్యతను మంత్రులకు అప్పగించాయి. ఫలహారశాలల్లో బల్లల్ని తారుమారు చేసే పథకం మాత్రం ఇంకా ఏ మంత్రి బల్లమీదికీ రాలేదు.