పిండి వేగితే చాలదా?

అమెరికాలోని లూసియానాలో గంబో వండాలంటే ముందు ‘రూ’ సిద్ధం కావాలి. గంబో అంటే కోడిమాంసమో, రొయ్యలో, సాసేజో వేసి కాచి అన్నం మీద పోసుకునే చిక్కటి పులుసు. రూ అంటే మైదా, నూనె సమపాళ్ళలో కలిపి, చాక్లెట్ రంగు తిరిగేదాకా సన్నసెగ మీద కలియబెట్టడం. ముప్పావుగంటో గంటో పడుతుంది. అంతసేపూ ఫోను మోగినా, చుట్టాలొచ్చినా గరిటె వదలకూడదు. వదిలారా, నల్లమచ్చలు, మచ్చలొస్తే మొత్తం పారబోతే. ఇంత తపస్సులో వరమిచ్చేది పిండి, నైవేద్యాలు మాత్రం నూనెకి. నా అభ్యంతరం అక్కడే. రంగూ కమ్మటి వాసనా పిండిలోని మాంసకృత్తులూ చక్కెరలూ వేడికి కలిసి పుట్టించేవి. చిక్కదనం పిండిపదార్థానిదేనని 1903లోనే ఫ్రెంచి వంటల పెద్ద ఎస్కాఫియే రాసిపెట్టాడు. నూనె చేసేది రెండే పనులు: రేణువులకు వేడి అందించడం, పులుసులో ఉండకట్టకుండా చూడడం. మొదటి పనికి ఓవెన్ ఉంది. పళ్ళెంలో మైదా పలచగా పరిచి, 200 డిగ్రీల సెల్సియస్‌లో పెట్టి, పది నిమిషాలకోసారి ముందే ఎర్రబడే అంచుల్ని మధ్యకు తోస్తే సరి. పొడిగా ఉన్నప్పుడు పాలిపోయినట్టే ఉంటుంది. తడి తగలగానే రంగు ముదురుతుంది. కాబట్టి ఇంకా ఎర్రబడాలని ఆశపడకుండా దించాలి. సున్నుండలకు మినప్పప్పు వట్టి మూకుట్లో వేయించుకునేవాళ్ళకు ఇంతకన్నా చెప్పాలా?

మరి ఉండలో? మరిగే పులుసులో పొడిపిండి పోస్తే ఉండ పైపొర ఉడికి జిగురై, లోపల పొడి పొడిగానే మిగిలిపోతుంది. అందుకే ముందు చన్నీళ్ళలో జారుగా కలపాలి. మజ్జిగపులుసులో శనగపిండికి చేసే మర్యాదే ఇది. ‘రూ అన్న పేరే ఎర్రగా కాగిన వెన్న నుంచి వచ్చింది, వెన్నే లేకపోతే ఎలా?’ అంటారు పండితులు. ఆ మాటకు అర్థం ఎర్రటి గోధుమరంగు. రంగు వచ్చాక గోత్రం అడగడం దేనికి? రుచి తగ్గుతుందంటారా, సాసేజు కొవ్వు ఎలాగూ ఉంది. పైగా కప్పు నూనె అంటే సుమారు 1,900 కేలరీలు. అయితే ముదురు పిండి అంతగా చిక్కబరచదన్న మాట నిజం. వేగేకొద్దీ పిండిపదార్థం ముక్కలై పట్టు సడలుతుంది. నూనెలో వేగినా అదే గతి. మరికాస్త పిండి వేసుకోవాలి, లేదా బెండకాయను పిలవాలి. గంబో అన్న పేరు ఆఫ్రికా భాషల్లోని బెండకాయ పేరు నుంచే వచ్చిందంటారు. ఇక మిగిలింది ఒక్క వాదన: ‘గంటసేపు నిలబడి కష్టపడితేనే రుచి.’ మాడిన రూ వెనకా అంత కష్టమే ఉంటుంది. దాన్ని మాత్రం ఎవరూ వడ్డించరు.