పదిహేనువందల కుర్చీలు ఎక్కువ

మొన్న మాఘమాసంలో మా ఊరి నుంచి ఒక శుభలేఖ వచ్చింది. వధూవరుల పేర్ల కంటే పెద్ద అక్షరాల్లో హాలు పేరు అచ్చు వేశారు. పేరు చివర ‘కన్వెన్షన్’ అని ఉంది. దాని కింద ‘పిల్లర్‌లెస్, సెంట్రల్ ఏసీ, 2,000 సీటింగ్’ అని మరో వరుస. పిల్ల ఏం చదివిందో, పిల్లాడు ఏం వెలగబెడుతున్నాడో ఎక్కడా లేదు. హాలు అర్హతలు మాత్రం ఒక్కటీ వదల్లేదు.

‘ఇదెక్కడ బాబాయ్?’ అని ఫోన్ చేశాను.

‘చెరువుగట్టు దగ్గర రాతి సత్రం ఉండేది చూడు, దాన్ని కొట్టేసి కట్టారు. చుట్టుపక్కల ఇంత పెద్దది లేదు’ అన్నాడు.

‘నీ పెళ్లి ఆ సత్రంలోనేగా?’

‘దాన్దేముందిరా, మూడొందల మంది కూర్చుంటే నిండిపోయేది.’

కుర్చీలు లెక్కపెట్టి కట్టడం గొప్పతనం తేల్చే ఈ విద్య మా బాబాయి సొంతంగా కనిపెట్టింది కాదు. రాజధానిలో పుట్టి, మెల్లగా మా చెరువుగట్టు దాకా దిగింది.

2023 జూలై 26న ఢిల్లీ ప్రగతి మైదాన్‌లో భారత్ మండపానికి ప్రారంభోత్సవం జరిగింది. 123 ఎకరాల ఆవరణ. దాదాపు 2,700 కోట్ల రూపాయల ఖర్చు. కట్టడానిది శంఖం ఆకారం. గోడల మీద సున్నా నుంచి ఇస్రో దాకా మన ఘనతలన్నీ బొమ్మలు కట్టాయి. గుమ్మం ముందు స్వామిమలై శిల్పులు పోతపోసిన 27 అడుగుల నటరాజు. ఆ విగ్రహం నిజంగా చూడదగ్గది, అందులో వ్యంగ్యం లేదు. అయితే ఇన్ని ఉన్నా ప్రభుత్వ ప్రకటన మురిసిపోయింది ఇంకో మాటకి: ఇక్కడ మూడో అంతస్తులో 7,000 మంది కూర్చోవచ్చు, సిడ్నీ ఒపెరా హౌస్‌లో సుమారు 5,500 మందే.

తీసివేత రెండో తరగతి లెక్క. మనకి 1,500 కుర్చీలు ఎక్కువ.

ఈ లెక్కన తాజ్‌మహల్ ఎందుకూ కొరగాదు. పాపం, ప్రధాన గుమ్మటం కింద ఇద్దరే ఉన్నారు. మా ఊరి శ్మశానంలో ఇంకా చోటుంది. కుర్చీలే కొలబద్ద అయితే ఢిల్లీ ఆంధ్రా భవన్ క్యాంటీన్‌కి ఏ గౌరవమూ దక్కదు. ఆదివారం బిర్యానీ వేళకి అక్కడ తినేవాడి కుర్చీ వెనకే మరొకడు నిలబడి, ఎదుటివాడి పళ్లెంలో ఎన్ని ముద్దలు మిగిలాయో లెక్కపెడుతుంటాడు. కుర్చీలు తక్కువయ్యే కొద్దీ పరపతి పెరిగే చోటు దేశంలో అదొక్కటే అయివుండాలి.

ఇంకో ముచ్చట. భారత్ మండపం ప్రాంగణంలో 5,500కు పైగా వాహనాలు నిలిపే చోటుందని అదే ప్రకటన చెప్పింది. అంటే ఒపెరా హౌస్ ప్రేక్షకులందరూ మనిషికో కారు వేసుకుని దయచేసినా పార్కింగ్‌కి వెతుక్కోనక్కర్లేదు. ఇంతటి అతిథి మర్యాద సిడ్నీ వాళ్లు కలలోనైనా ఊహించి ఉండరు.

సిడ్నీ పేరెత్తకుండా ఉంటే సరిపోయేది. ఎత్తారు కాబట్టి జాతకాలు చూడాల్సి వస్తోంది. ఒపెరా హౌస్ తెరుచుకున్నది 1973 అక్టోబరులో. దానికంటే 11 నెలల ముందు, 1972 నవంబరులో, ఇదే ప్రగతి మైదాన్‌లో ఒక కట్టడం తెరుచుకుంది. పేరు హాల్ ఆఫ్ నేషన్స్. స్వాతంత్ర్య రజతోత్సవం ఏడు, ‘ఆసియా 72’ అంతర్జాతీయ వాణిజ్య ప్రదర్శన కోసం కట్టారు. రూపశిల్పి రాజ్ రేవల్, నిర్మాణ ఇంజనీరు మహేంద్ర రాజ్.

దాన్నెలా నిలబెట్టారో చెప్పుకోవాలి. విశాలమైన హాలు నడిమధ్యలో స్తంభం లేకుండా పైకప్పు నిలవాలంటే స్పేస్ ఫ్రేమ్ అనే పద్ధతి ఉంది. సైకిల్ ఫ్రేము చూశాం కదా, ముక్కోణంగా అతికిన మూడు గొట్టాలు మనిషి బరువు మోస్తాయి. అలాంటి ముక్కోణాలు వందలకొద్దీ అన్ని దిక్కులా అల్లుకుపోతే అదే స్పేస్ ఫ్రేమ్. దేశదేశాల్లో దాన్ని ఉక్కుతో చేస్తారు. మనకప్పుడు ఉక్కు కరువు, డబ్బు కరువు. ఉన్నది కూలీల చేతులు. అందుకని ఉక్కుతో చెయ్యాల్సిన పనిని కాంక్రీటుతో చేశారు. సెంట్రింగ్ కట్టి, తట్టలతో మోసి, ఒక్కో కడ్డీనీ ఉన్నచోటే పోతపోశారు. తల నరికిన పిరమిడ్ లాంటి ఆ కట్టడం 78 మీటర్ల పొడవున లోపల ఒక్క స్తంభం లేకుండా లేచింది. కాంక్రీటుతో అంత పెద్ద స్పేస్ ఫ్రేమ్ ప్రపంచంలో అదే మొదటిది. ఇవాళ ప్రతి కల్యాణ మండపం శుభలేఖల్లో వేసుకునే ‘పిల్లర్‌లెస్’ బిరుదుని, మేస్త్రీలు చేత్తో కలిపిన కాంక్రీటుతో అది 1972లోనే సంపాదించింది. బోర్డు మీద రాసుకోలేదు, అంతే.

నేను ఢిల్లీలో ఉద్యోగం వెలగబెట్టిన రోజుల్లో ఒక నవంబరు ట్రేడ్ ఫెయిర్‌లో, మన పెవిలియన్‌లో పూతరేకులు కొనుక్కుని హాల్ ఆఫ్ నేషన్స్ కిందకి వెళ్లాను. కాళ్లు పీకుతున్నాయి, కూర్చోవడానికి కుర్చీ లేదు. నేల మీదే చతికిలబడ్డాను. గోడంతా ముక్కోణాల జాలీయే కాబట్టి మధ్యాహ్నపు ఎండ లోపలికి ముక్కలు ముక్కలుగా దిగుతోంది. పక్కన ఓ సర్దార్జీ మనవడు ఒక ఎండ ముక్క మీంచి ఇంకో ఎండ ముక్క మీదకి గెంతుతున్నాడు. సూర్యుడు కదిలిన కొద్దీ వాడి తొక్కుడుబిళ్ల గళ్లు కూడా కదులుతున్నాయి. పూతరేకుల పొట్లం విప్పి వాడికొకటి ఇచ్చాను. ఆ పూట ఆ హాలు సీటింగ్ కెపాసిటీ నా లెక్కలో సున్నా. లేవబుద్ధి మాత్రం కాలేదు.

2017 ఏప్రిల్ 23, ఆదివారం రాత్రి యంత్రాలు వచ్చాయి. తెల్లారేసరికి హాల్ ఆఫ్ నేషన్స్ రాళ్లగుట్ట. దాని తోబుట్టువు హాల్ ఆఫ్ ఇండస్ట్రీస్ కూడా పోయింది. అంతకుముందు రాజ్ రేవల్ కోర్టుకెక్కారు. వారసత్వ సంపద కోసం పనిచేసే ఇన్‌టాక్ సంస్థ కోర్టుకెక్కింది. విదేశాల మ్యూజియాల నుంచి విన్నపాలు వచ్చాయి. వేటికీ యంత్రాలు ఆగలేదు. కారణం? ఢిల్లీ వారసత్వ పరిరక్షణ కమిటీ చెప్పింది: 60 ఏళ్లు నిండిన కట్టడాలనే పరిశీలిస్తాం.

అయ్యా, అదీ సంగతి. షష్టిపూర్తి కాలేదు. మన సంప్రదాయంలో అరవై నిండితే మళ్లీ పెళ్లి చేసి, పూలదండ వేసి, పిల్లలందరూ కాళ్లకి దండం పెడతారు. అరవై నిండకముందు పోతే వాడి ఖర్మ. హాల్ ఆఫ్ నేషన్స్‌కి అప్పుడు 45వ ఏడు నడుస్తోంది. 2032 దాకా ఓపిక పట్టి బతికుంటే, బతకడానికి అర్హత ఉందో లేదో కమిటీ వారు చూసేవారు. అల్లుడు బతికొస్తే పిల్లనిచ్చే ఆలోచన చేస్తామన్నట్టుంది.

సిడ్నీలో ఇలాంటి పద్ధతీ పాడూ లేదు. ఒపెరా హౌస్‌ని 2007లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేర్చింది. అప్పటికి దానికి 34వ ఏడు. ఢిల్లీ కమిటీ లెక్కలో ఇంకా నిక్కర్లు తొడుక్కునే వయసు. ఆ మాటకొస్తే పడగొట్టడానికి సిడ్నీ వాళ్లకే మనకంటే మంచి కారణాలున్నాయి. 70 లక్షల డాలర్లలో అయిపోతుందన్న పని 10.2 కోట్లు మింగింది. 1959లో మొదలై 14 ఏళ్లు సాగింది. గొడవలు ముదిరి రూపశిల్పి యోర్న్ ఉట్జోన్ 1966లో సామాను సర్దుకుని వెళ్లిపోయాడు, పూర్తయిన కట్టడాన్ని చూడటానికి మళ్లీ రానేలేదు. ఇంత ఖర్చూ ఇంత రభసా అయ్యాక కూడా అక్కడివాళ్లకి ఒక్క ఆలోచన తట్టలేదు: దీన్ని కొట్టేసి, ఇంకో 1,500 కుర్చీలు పట్టేది కడదామని.

ఏడాది తేడాతో పుట్టిన రెండు కట్టడాల్లో ఒకటి ప్రపంచ వారసత్వమైంది. రెండోది మట్టయింది. మట్టి చేసిన చోటే నిలబడి, బతికున్నదాని కంటే మేము పెద్దవాళ్లమని చాటింపు వేశాం. సొంత పెద్దకొడుకుని ఇంట్లోంచి గెంటేసి, పక్కింటి అబ్బాయి కంటే మా చిన్నోడు పొడుగని చెప్పుకోవడం ఇలాగే ఉంటుంది. 2022లో న్యూయార్క్‌లోని మోమా మ్యూజియం దక్షిణాసియా ఆధునిక కట్టడాల మీద ప్రదర్శన పెడితే, అందులో హాల్ ఆఫ్ నేషన్స్‌కి ప్రముఖ స్థానం దక్కింది. ప్రగతి మైదాన్‌లో లేని చోటు మన్‌హటన్‌లో దొరికింది.

మండపం అన్న పేరు మీదా ఒక ముచ్చట ఉంది. మన శిల్పులకి మండపమంటేనే స్తంభాల మీద నిలిచేది. హనుమకొండలో రుద్రదేవుడు 1163లో కట్టించిన గుడికి వేయి స్తంభాలని పేరు పెట్టుకుని మురిసిపోయారు. ఇప్పుడు స్తంభం కనబడితే చిన్నతనం. మండపం కావాలి, స్తంభం వద్దు. మధ్యలో లేపాక్షి శిల్పులు నేలకి ఆనకుండా వేలాడే స్తంభం ఒకటి చెక్కి రాజీ సూత్రం చూపించారు గానీ, మనవాళ్లు పట్టించుకోలేదు.

ఈ పేరుకి స్ఫూర్తి బసవేశ్వరుడి అనుభవ మంటపమని ప్రారంభోత్సవ సభలో ప్రధాని చెప్పారు. పాల్కురికి సోమనాథుడి బసవపురాణం పుణ్యమా అని బసవడు తెలుగువాళ్లకి పరాయివాడు కాడు. ఆ మంటపంలో బట్టలుతికే మడివాళ మాచయ్య, పడవ నడిపే అంబిగర చౌడయ్య, మంత్రి అయిన బసవడితో సమానంగా కూర్చుని వాదించారని చెబుతారు. అక్కడ ఎన్ని కుర్చీలున్నాయో ఎవరూ రాసిపెట్టలేదు, ఎవరు కూర్చున్నారో మాత్రం రాసిపెట్టారు. మన మండపం ఆ పద్ధతిని తలకిందులు చేసింది. అది తెరుచుకున్న ఏడాదే ప్రగతి మైదాన్ చేరువలో జనతా క్యాంప్ గుడిసెలు నేలమట్టమయ్యాయి. మండపంలో జరగబోయే జీ20 సదస్సు కోసం కాదు, ఆక్రమణలు తొలగించామని అధికారులు వివరించారు. ఏడువేల కుర్చీల లెక్కలో ఆ గుడిసెల వాళ్లకి ఒక్కటైనా పడిందో లేదో వివరించలేదు.

ఆ సెప్టెంబరు 10న, సదస్సు రెండోరోజు పొద్దున, రాత్రి వానకి మండపం ఆవరణలో నీళ్లు నిలిచిన వీడియోలు ఊరంతా తిరిగాయి. గోరంతని కొండంత చేస్తున్నారని, నిలిచిన కాసిని నీళ్లనీ వెంటనే తోడేశామని ప్రభుత్వం చెప్పింది. నేను నమ్ముతాను. కట్టడమే శంఖం ఆకారంలో ఉంది. శంఖులో పోస్తేనే కదా తీర్థం!

అయినా మండపం సంబరం ఎంతోకాలం సాగలేదు. సరిగ్గా 53 రోజులకి, సెప్టెంబరు 17న, అదే ఢిల్లీలో, ద్వారకలో యశోభూమి అనే ఇంకో కన్వెన్షన్ సెంటర్ ప్రారంభమైంది. ఖర్చు దాదాపు 5,400 కోట్లు, కూర్చునే ప్రతినిధులు 11,000 మంది. ఏడువేల కుర్చీల మండపం బాలసారె అయీ కాకముందే చిన్నదైపోయింది. పెద్దదనంతో వచ్చిన చిక్కే ఇది, పక్కవీధిలో ఇంకొకడు కొబ్బరికాయ కొట్టేదాకానే ఉంటుంది. మొదటిదన్న పేరుని మాత్రం ఎవడూ కొబ్బరికాయ కొట్టి లాక్కోలేడు. దాన్ని పోగొట్టుకోవాలంటే మనమే యంత్రాలు తీసుకెళ్లాలి. తీసుకెళ్లాం.

‘అభివృద్ధి వద్దా? దేశాధ్యక్షులు వస్తే షామియానా కింద కూర్చోబెడతామా?’ అని అడిగేవాళ్లుంటారు. న్యాయమైన ప్రశ్న. పెద్ద నగరానికి పెద్ద హాలు కావాలి. ప్రగతి మైదాన్‌లో పాత హాళ్లు కొన్ని వెలవెలబోయిన మాటా నిజమే. కానీ హాల్ ఆఫ్ నేషన్స్ ఆక్రమించిన నేల ఎకరన్నరకి అటూ ఇటూ. ఆవరణ 123 ఎకరాలు. ఇంట్లో తాత మంచం వేసుకున్న మూల తప్ప డైనింగ్ టేబుల్‌కి వేరే చోటే దొరకలేదంటే, చోటు ఇరుకైంది ఇంట్లో కాదు.

ఈ లెక్కే కొనసాగితే భారత్ మండపానికి నలభై ఐదేళ్లు 2068లో నిండుతాయి. అప్పటికి ఎవరో ఒకరు టేపూ కాలిక్యులేటరూ పట్టుకుని వస్తారు. ఏడువేలేనా అని పెదవి విరుస్తారు. దీన్ని కాపాడండని ఎవరైనా కోర్టుకెళితే, షష్టిపూర్తి కాలేదని చెప్పడానికి కమిటీ సిద్ధంగా ఉంటుంది. నటరాజు ఒక్కడే కాలెత్తి నిలబడి, ఈ సృష్టి, స్థితి, లయల పంచాయితీ నాకు కొత్తా అనుకుంటాడు.

సరే, పెళ్లికి వెళ్లాను. హాల్లో రెండువేల కుర్చీలూ ఉన్నాయి, ఒక్కోదానికీ తెల్ల గుడ్డ తొడిగి వెనకాల ముడి వేశారు. మైకు హోరులో పక్కవాడి మాట వినబడదు, ఏసీ చలికి పెద్దవాళ్ల మోకాళ్లు బిగుసుకుపోతున్నాయి. ముహూర్తం కాగానే బాబాయి కనిపించలేదు. వెతుక్కుంటూ పార్కింగ్‌లోకి వెళితే, ప్రహరీ పక్కన వేపచెట్టు నీడలో ఉన్నాడు. సత్రం కూల్చినప్పుడు మిగిలిన రాతి స్తంభాలు రెండు అక్కడ అడ్డంగా పడేసి ఉన్నాయి. వాటి మీద బాబాయి, ఆయన ఈడు వాళ్లు నలుగురు, ఇద్దరు డ్రైవర్లు, పని ముగించుకున్న సన్నాయి ఆయన వరుసగా కూర్చుని ఉన్నారు.

‘ఏంటి బాబాయ్, లోపల అన్ని కుర్చీలుండగా?’ అన్నాను.

‘ఇక్కడ చల్లగా ఉందిరా’ అని కాస్త జరిగి చోటిచ్చాడు.