1994 దాటని పరుగు

సోనిక్, వీడియో గేముల నీలి ముళ్లపందీ, నిన్ను మనసారా పొగుడుదామని కూర్చుంటే నా కలం 1994 దాటి ముందుకు కదలడం లేదు. 1991 జూన్‌లో సెగా సంస్థ ఆటల యంత్రం మెగా డ్రైవ్ మీద పుట్టావు. నాలుగేళ్లు తిరగకుండానే ఎన్నటికీ పాతబడని ఆటలు ఇచ్చావు. ఆ తర్వాత ముప్పై ఏళ్లుగా ఆగకుండా పరిగెడుతూనే ఉన్నావు. అయినా నీ ఆటలన్నీ వరసలో పేర్చి ఏది మేలైనదో తేల్చమంటే, పై మెట్టు మీద ఆ మొదటి ఏళ్ల పనే కనిపిస్తుంది. అంతటి గట్టి పునాది ఎందరికి దొరుకుతుంది? దాన్ని దాటే ఆట మాత్రం నీ సొంత ఇంట్లో ఇంకా పుట్టలేదు.

నీ గొప్పంతా వేగమేనని చాలామంది అంటారు. నేను ఒప్పుకోను. తెర మీద బొమ్మను వేగంగా కదిలించడం ఎవరికైనా వచ్చే విద్యే. నువ్వు వేగాన్ని సంపాదించుకోవడం నేర్పావు. యూజీ నాకా రాసిన ప్రోగ్రాములో నేలకు వాలుంది, నీ ఒంటికి బరువుంది. ఎత్తు ఎక్కుతుంటే నెమ్మదిస్తావు, పల్లంలో ముడుచుకుని దొర్లితే ఊపందుకుంటావు. మిట్ట ఎక్కాక తొక్కడం ఆపేసి సైకిలును పల్లంలోకి వదిలేసిన పిల్లవాడికి తెలిసిన ఆనందం అది. హిరోకాజు యాసుహారా ఆ ఊపుకు తగ్గట్టే దారులు గీశాడు. చెయ్యి తిరిగినవాడు పై దారిన దూసుకుపోతాడు. తడబడ్డవాడు కింది దారిలో పడతాడు, అంతేగానీ ఆట అక్కడితో అయిపోదు. దెబ్బ తగిలినప్పుడు దారిలో ఏరుకున్న రింగు ఒక్కటి చేతిలో ఉన్నా ప్రాణం నిలుస్తుంది. కంట్రోలర్ మీద మూడు బటన్లుంటే మూడింటికీ ఎగరడమే పని. ఇంత తక్కువ నేర్పి ఇంత లోతుగా ఆడించావే, అది నీ అసలు ఘనత.

ఆ ఘనతను నువ్వే మరిచిపోవడం మొదటి ఆటలోనే మొదలైంది. గ్రీన్ హిల్ జోన్‌లో పరుగు రుచి చూపించి, వెంటనే మార్బుల్ జోన్‌లో లావా మీద తేలే రాతి దిమ్మె ఎక్కించి, అది తీరిగ్గా అవతలికి చేరేదాకా నిలబెట్టావు. లాబిరింత్ జోన్‌లో నీళ్లలో ముంచి, గాలి బుడగల కోసం కాచుకోమన్నావు. గ్రీన్ హిల్ లాంటి తొలి అడుగు ఇంకే ఆటకూ లేదని చెప్పడానికి నాకు సందేహం లేదు. అదొక్కటీ చూసి మొదటి ఆటకు మొదటి స్థానం ఇవ్వడానికి మాత్రం మనసు రాదు.

నా లెక్కలో మొదటి స్థానం ‘సోనిక్ 3 అండ్ నకుల్స్’ది. ఇది నిజానికి రెండుగా కోసిన ఒకే ఆట. సమయం చాలక, కార్ట్రిడ్జ్ ఖర్చు భారమై, సగాన్ని 1994 ఫిబ్రవరిలో ‘సోనిక్ 3’ పేరుతో, మిగతా సగాన్ని అక్టోబరులో ‘సోనిక్ అండ్ నకుల్స్’ పేరుతో అమ్మారు. రెండో కార్ట్రిడ్జ్ నెత్తిన ఒక మూత ఉంటుంది. అది తెరిచి మొదటి కార్ట్రిడ్జ్‌ను అందులో దిగేస్తే రెండు సగాలూ కలిసి ఒక్క కథవుతాయి. ఒకే ఆటకు రెండు ధరలు కట్టించుకున్న మాట నిజమే. అయినా ఆ కలయికలో ఎంత పనితనం ఉందో ఆడినవాళ్లకు తెలుసు.

అందులో ఎవరూ ఒక్క మాట మాట్లాడరు. ఏంజెల్ ఐలాండ్‌లో మొదటి అంకం ముగిసేసరికి అడవి అంటుకుంటుంది, రెండో అంకమంతా ఆ మంటల వెలుగులోనే సాగుతుంది. ఆ దీవికి కాపలా ఉండే నకుల్స్ నిన్ను దొంగవనుకుంటాడు. దారిలో వంతెనలు కూలుస్తాడు, మీటలు నొక్కి నిన్ను పాతాళంలోకి తోస్తాడు. హిడెన్ ప్యాలెస్‌లో మీరిద్దరూ కలబడతారు. సరిగ్గా అప్పుడే నీ శత్రువు ఎగ్‌మన్ ఆ దీవి మణి మాస్టర్ ఎమరాల్డ్‌ను ఎత్తుకుపోతుంటే, నమ్మిన చెయ్యే తనను మోసం చేసిందని నకుల్స్‌కు అర్థమవుతుంది. విద్యుత్తు దెబ్బ తిని, అడుగు తీసి అడుగు వెయ్యలేని స్థితిలో కూడా నీకు స్కై శాంక్చువరీ దారి చూపిస్తాడు. పశ్చాత్తాపం అంతా ఆ బొమ్మ నడకలోనే ఉంది. పదహారు బిట్ల యంత్రం మీద, సంభాషణ లేకుండా, ఆట ఆపకుండా ఇంత కథ చెప్పినవాడివి నువ్వు. కార్నివాల్ నైట్ జోన్‌లో దారికి అడ్డం నిలిచే ఒక పీపా దగ్గర ఎంతమంది చిక్కుపడ్డారో కూడా నాకు తెలుసు. దాని మీద ఎగిరి లాభం లేదు, పైకీ కిందికీ బటన్లు లయగా నొక్కాలి, ఆ సంగతి ఆట ఎక్కడా చెప్పదు. ఆ మచ్చను లెక్కలో వేసుకున్నాకే మొదటి స్థానం ఇస్తున్నాను.

రెండో స్థానానికి 1992 నాటి ‘సోనిక్ 2’ను దాదాపు ఖాయం చేసేవాణ్ని. నిలబడ్డచోటే గిరగిరా తిరిగి దూసుకుపోయే స్పిన్ డాష్ అందులోనే వచ్చింది. నీకు తోడుగా టెయిల్స్ వచ్చాడు. కెమికల్ ప్లాంట్ వచ్చింది. చివర్లో మాత్రం చేతిలో ఒక్క రింగు కూడా లేకుండా వరసగా రెండు బాస్‌లతో పోరాడమన్నావు. ‘సోనిక్ సీడీ’లో కాలంలో వెనక్కీ ముందుకీ పోయే ఆలోచన అద్భుతం. అలా పోవాలంటే కాసేపు వేగం తగ్గకుండా పరిగెత్తాలి, ఆ దారులేమో అడుగడుక్కీ అడ్డుపడతాయి. స్టార్‌డస్ట్ స్పీడ్‌వేలో మెటల్ సోనిక్‌తో పందెం కోసమైనా దాన్ని ఆడాలి.

ఆ తర్వాత నీ ధైర్యాన్ని మెచ్చుకోవాలి. 1998లో డ్రీమ్‌కాస్ట్ మీద ‘సోనిక్ అడ్వెంచర్’తో మూడు కొలతల లోకంలోకి దూకావు. ఎమరాల్డ్ కోస్ట్‌లో చెక్క వంతెనను ముక్కలు చేస్తూ తిమింగలం వెంటపడే ఘట్టం ఇప్పటికీ ఒళ్లు ఝల్లుమనిపిస్తుంది. అంత బాగా పరిగెత్తించి, బిగ్ అనే పిల్లి చేతికి గాలమిచ్చి, చేపలు పడితే గానీ కథ పూర్తవదన్నావు. 2005లో నీ ప్రత్యర్థి షాడో చేతికి తుపాకీ ఇచ్చావు. 2008లో ‘అన్‌లీష్డ్’లో పగటిపూట పరుగు కళ్లు తిప్పుకోనివ్వదు, ఊళ్లకు ఊళ్లు రంగుల చారికలై వెనక్కి పోతాయి. పొద్దు గూకగానే నిన్ను తోడేలుగా మార్చి, చేతులు సాచి గుద్దులాడించారు. నీకున్నదొక్కటీ చాలదని నీ వాళ్లకు ఎవరు చెప్పారో గానీ, ప్రతి ఆటలోనూ నీ చేత ఇంకెవరి పనో చేయించారు. చేశావు, కాదనలేదు. పరిగెత్తే వీలు దొరికిన ప్రతి చోటా మళ్లీ నువ్వు నువ్వే అయ్యావు.

2006 ఆట గురించి మాట్లాడక తప్పదు. నీ పదిహేనో పుట్టినరోజుకు, నీ పేరే పెట్టుకుని వచ్చిన ఆట. పని నడుస్తుండగానే యూజీ నాకా సెగా వదిలి వెళ్లిపోయాడు. ఉన్న బృందంలో కొంతమందిని విడదీసి వీ కన్సోల్ కోసం ఇంకో ఆటకు పంపారు. క్రిస్మస్ అమ్మకాలకు అందాలని, పూర్తికాని పనిని పెట్టెలో పెట్టి బజారులో వదిలారు. గోడల్లోంచి జారిపోయే నువ్వు, చిన్న చిన్న మాటలకు కూడా ముందూ వెనకా నిండిపోయిన లోడింగ్ తెరలు, ప్రాణం పోయిన నిన్ను ముద్దుపెట్టి బతికించే రాకుమారి. ఒకప్పుడు నకుల్స్ మౌనమే అంత కథ చెప్పింది, ఇక్కడ ఇన్ని మాటలు పోసి కూడా ఏమీ చెప్పలేకపోయారు. ఆ ఆట తర్వాత కూడా జనం నిన్ను వదల్లేదు. ఆ ప్రేమ 1994 లోపు నువ్వు సంపాదించి దాచిన ధనం, అందులోంచే నీ వాళ్లు ఇన్నేళ్లుగా ఖర్చు పెడుతున్నారు.

2010 నాటి ‘సోనిక్ 4’ వల్ల ఒక మేలు జరిగింది. గాల్లో ఉండగా బటన్ వదిలితే అందులో నువ్వు ఉన్నచోటే ఊపు కోల్పోయి కిందపడతావు. నిలువు గోడ మీద కదలకుండా నిలబడగలవు. నాకా ప్రోగ్రాము విలువ ఏమిటో మాటల్లో ఎంత చెప్పినా ఎక్కనివాళ్లకు, ఆ ఆట చేతికిచ్చి కాసేపు ఆడమంటే చాలు. మరుసటి ఏడాది ఇరవయ్యో పుట్టినరోజుకు ‘జనరేషన్స్’ వచ్చింది. పాత నిన్నూ కొత్త నిన్నూ పక్కపక్కన పెట్టి తొమ్మిది పాత స్థలాలను మళ్లీ కట్టారు. 2006 ఆటలోని క్రైసిస్ సిటీ కూడా అందులో ఉంది, ఈసారి నిజంగా ఆడేలా ఉంది. కొత్త నీకు బూస్ట్ బటన్ ఉంది. నొక్కితే చాలు, వేగం వచ్చి ఒళ్లో పడుతుంది. చూడటానికి కన్నులపండుగ. నాకు మాత్రం అదే జోన్‌లో పాత నువ్వు వాలు మీద దొర్లుతున్నప్పుడే చేతులకు పని దొరికినట్టుంటుంది. అయినా దీన్ని నాలుగో స్థానంలో సంతోషంగా పెడతాను.

రెండో స్థానం ‘సోనిక్ 2’కు ఇవ్వబోయి ఆగింది 2017 వల్ల. ఆ ఏడాది ఆగస్టులో వచ్చిన ‘సోనిక్ మేనియా’ నీ తొలి నాళ్ల ఊపును అణువణువునా పట్టుకుంది. చేసింది సెగా సొంత బృందమైన సోనిక్ టీమ్ కాదు. ఆస్ట్రేలియాకు చెందిన క్రిస్టియన్ వైట్‌హెడ్ నీ అభిమాని. 2009లో ‘సోనిక్ సీడీ’ని ఐఫోన్‌లో నడిపి చూపించాడు. తర్వాత సెగాయే పిలిచి అతని చేత ఆ ఆటను కొత్త యంత్రాలకు తెప్పించుకుంది. మేనియాలో అతనికి హెడ్‌కానన్, పగోడావెస్ట్ సంస్థలు తోడయ్యాయి. టీ లోపెస్ సంగీతం ఇచ్చాడు. వాళ్లంతా అభిమానుల లోకంలో పని నేర్చుకున్నవాళ్లు. స్టూడియోపోలిస్ లాంటి కొత్త జోన్ ఆడితే ఇది 1995లోనే రావలసిందనిపిస్తుంది. మేనియాలోని పన్నెండు జోన్లలో కొత్తవి నాలుగే, మిగతా ఎనిమిదీ పాత జోన్లకు కొత్త రూపాలు. స్టూడియోపోలిస్ కట్టగలిగినవాళ్ల చేత మళ్లీ గ్రీన్ హిల్ కట్టించడం నాకు ఇప్పటికీ బాధే.

అదే ఏడాది నవంబరులో సోనిక్ టీమ్ సొంతంగా చేసిన ‘సోనిక్ ఫోర్సెస్’ వచ్చింది. రెండు ఆటలనూ ఒకే వేడుకలో ప్రకటించారు. విడుదలైనప్పుడు మేనియా ధర 20 డాలర్లు, ఫోర్సెస్ ధర 40. సగం ధర ఆట రెండో స్థానంలో ఉంది. రెండింతల ధర ఆటకు నా వరసలో చోటు దొరకలేదు. నిన్ను ఇంతగా అర్థం చేసుకున్న మేనియా బృందానికి నీ తర్వాతి కొత్త ఆట అందలేదు. వైట్‌హెడ్, అతని సహచరులు ఈవెనింగ్ స్టార్ అనే సొంత సంస్థ పెట్టుకుని, 2024లో ‘పెన్నీస్ బిగ్ బ్రేక్‌అవే’ చేశారు. నీ దగ్గర నేర్చుకున్న ఊపూ లయా ఇప్పుడు యోయో తిప్పే ఒక అమ్మాయి చేతిలో ఉన్నాయి.

2022 నాటి ‘ఫ్రాంటియర్స్’ను తక్కువ చేయను. విశాలమైన దీవుల్లో నిన్ను వదిలి, ఎటైనా పరిగెత్తమన్నారు. చాలాకాలానికి నీ వాళ్లు కొత్తగా ఆలోచించారు. ఆ దీవుల నుంచి సైబర్ స్పేస్‌లోకి అడుగు పెడితే మళ్లీ గ్రీన్ హిల్, మళ్లీ కెమికల్ ప్లాంట్, మళ్లీ స్కై శాంక్చువరీ.

కొత్తగా నిన్ను ఆడాలనుకునేవాళ్లు అడిగితే నేను చెప్పే వరస ఇది: ‘సోనిక్ 3 అండ్ నకుల్స్’, మేనియా, ‘సోనిక్ 2’, జనరేషన్స్, ఆపైన మొదటి ఆట. వరసలో పైనున్న ‘సోనిక్ 3 అండ్ నకుల్స్’ను ఇవాళ కొనాలంటే 2022 నాటి ‘సోనిక్ ఆరిజిన్స్’ ఉంది. ఆ సంకలనం వస్తుండగా విడిగా అమ్ముతున్న పాత కూర్పులను చాలా దుకాణాల నుంచి తీసేశారు. ఆ సంకలనంలో కార్నివాల్ నైట్, ఐస్ క్యాప్, లాంచ్ బేస్ జోన్ల సంగీతం 1994లో విన్నది కాదు, మార్చేశారు. మంచు కొండ మీద నుంచి పలక మీద జారుతూ దిగేటప్పుడు వినాల్సిన ఆ పాట కావాలంటే, ఎవరి దగ్గరైనా పాత మెగా డ్రైవ్, ఆ రెండు కార్ట్రిడ్జ్‌లు ఉన్నాయేమో కనుక్కోమనే చెబుతున్నాను.