అందరినీ కలుపుకుపోతూ ఎవరినీ దగ్గరికి రానివ్వని విద్య

2016 అక్టోబరు 11, దసరా రోజున పాలమూరు ముక్కలై జోగులాంబ గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూల్ జిల్లాలు పుట్టాయి. కొత్త జిల్లా అంటే కొత్త ఆఫీసులు, కొత్త కమిటీలు, కొత్త కుర్చీలు. కుర్చీ దొరికిన ప్రతి పెద్దమనిషికీ తలనొప్పి ఒకటే. మన దగ్గర జనం ఒక్క రకం కాదు. గద్వాల నడిగడ్డలో కన్నడం కలిసిన తెలుగు, పట్నాల్లో దక్కనీ ఉర్దూ, తండాల్లో లంబాడీల గోర్‌బోలి, నల్లమల పెంటల్లో (గూడేల్లో) చెంచులు, రైస్ మిల్లుల్లో బీహార్ హిందీ. వీళ్ళందరినీ కలుపుకుపోవాలట! కలుపుకుంటే కుర్చీ ఇరుకవుతుంది, తోసేస్తే కేసవుతుంది. ఈ రెండింటికీ చిక్కకుండా హాయిగా రిటైరయ్యే దారి ఉంది. శ్రమ తక్కువ, ఖర్చు పెయింటరు కూలి మాత్రమే. చదవండి, ఈరోజే మొదలుపెట్టండి.

1. ముందు బోర్డు రాయించండి. 2017 నవంబరులో అసెంబ్లీ ఉర్దూను రాష్ట్రమంతటికీ రెండో అధికార భాష చేసింది. కంగారు పడకండి. ఆఫీసు బోర్డు మీద ఒక వరుస ఉర్దూ రాయించండి. తప్పులున్నా ఫరవాలేదు, పట్టుకునేవాళ్ళు లోపల ఉంటే కదా. ఆ బోర్డు నమ్మి ఎవరైనా ఉర్దూలో దరఖాస్తు తెస్తే లేచి నిలబడండి, కుర్చీ చూపించండి. "చాచా, ఎంత మంచిగుంది మీ దస్తూరి! తెలుగులో రాయించుకొని రాండ్రి" అనండి. తెలుగులో తెస్తే "మీసేవలో ఆన్‌లైన్ చేయించుకోండ్రి" అనండి. అదీ చేయించుకొస్తే సర్వర్ డౌన్. మూడుసార్లు తిప్పినా మీరు ఒక్కసారి కూడా కాదనలేదు, గమనించారా? నిజాం కాలంలో తెలుగు రైతు కూడా ఇలాగే ఉర్దూ కాగితం పట్టుకొని, చదివిపెట్టేవాళ్ళ కోసం ఊరంతా తిరిగేవాడు. ఆ సంగతి గుర్తొచ్చి మనసు కరిగేట్టుంటే ఒక చాయ్ తాగండి, సర్దుకుంటుంది.

2. చాయ్ అన్నాం కాబట్టి గ్లాసుల సంగతి కూడా ఇక్కడే చెప్పుకుందాం. హోటల్లో రెండు గ్లాసులు పెట్టడం మోటు పద్ధతి. 1955 నాటి చట్టం ఒకటి, 1989 నాటి అట్రాసిటీ చట్టం ఒకటి నెత్తిమీద కూర్చుంటాయి. ఇప్పుడు పేపర్ కప్పు వచ్చి మన పని తేలిక చేసింది. పొద్దున హోటల్ తెరవగానే స్టీలు గ్లాసులు ట్రేలో బోర్లించి గల్లాపెట్టె పక్కన పెట్టండి. కప్పుల దొంతర బయట బెంచీ వైపు పెట్టండి. పటేలు రాగానే చెయ్యి ట్రే మీదికి పోవాలి, దళితవాడలోంచి ఎవరైనా రాగానే దొంతర మీదికి పోవాలి. నెల తిరిగేసరికి మీరు చూడకుండానే చెయ్యి తన పని తాను చేసుకుపోతుంది. డిగ్రీ చదివిన పిల్లగాడెవడైనా "అన్నా, నాకు గ్లాసుల పొయ్యి" అంటే "కరోనా నుంచి గింతే తమ్మీ, శుభ్రం కోసం" అనండి. "మరి పటేలుకు?" అంటే "ఆయనకు షుగరు" అనండి. షుగరుకూ గ్లాసుకూ సంబంధమేమిటో అతను తేల్చుకునేలోపు వనపర్తి బస్సు వస్తుంది. ఒక్క జాగ్రత్త: పువ్వుల బొమ్మలున్న కప్పులే కొనండి, మర్యాదగా ఉంటుంది.

3. ఎవరినీ పైకి ఎగతాళి చెయ్యకండి. ఇందులో మన ముందువాళ్ళు ఘోరంగా దెబ్బతిన్నారు. 1921 నవంబరులో హైదరాబాదులో సంఘసంస్కార సభ జరిగింది. మహర్షి కర్వే అధ్యక్షుడు. వేరే భాషల్లో ఉపన్యాసాలు సాఫీగా సాగాయి. ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో మొదలుపెట్టగానే సభలో గోల, వెకిలి చప్పట్లు. ఎంత తెలివితక్కువ పని! మనసు నొచ్చుకున్న కొందరు ఆ రాత్రే కూర్చుని ఆంధ్రజనసంఘం పెట్టేశారు. అది పెరిగి ఆంధ్ర మహాసభ అయింది. 1930లో జోగిపేటలో జరిగిన మొదటి మహాసభకు అధ్యక్షుడెవరనుకున్నారు? మన గద్వాల ప్రాంతం ఇటికాలపాడుకు చెందిన సురవరం ప్రతాపరెడ్డి.

ఆయన విషయంలోనే రెండో పొరపాటు జరిగింది. నిజాం రాష్ట్రంలో తెలుగు కవులే లేరని ఒకాయన రాశాడు. ప్రతాపరెడ్డి ఊరుకుంటాడా? 1934లో గోలకొండ కవుల సంచిక అచ్చువేసి 354 మందిని వరసబెట్టి నిలబెట్టాడు. 1952లో వనపర్తి ఓటర్లు ఆయన్ను ఏకంగా శాసనసభకే పంపారు. చూశారా, నోరు జారితే ఎంత నష్టమో?

మీరు ఆ తప్పు చెయ్యకండి. అవతలి మనిషిని తృప్తిగా మాట్లాడనివ్వండి. మాట్లాడినంతసేపూ నవ్వుముఖంతో ఫోన్ చూసుకోండి. చివర్లో "మీ యాస భలే ఉంటుందండీ, వింటుంటే వినాలనిపిస్తది" అనండి. ఆయన చెప్పిన కాలువ నీళ్ళ సంగతి ఎవరికీ గుర్తుండదు. గట్టు, కేటీ దొడ్డి మండలాల వైపు నుంచి వచ్చినవాళ్ళ మాటలో కన్నడం తగలగానే "మీది రాయచూరా?" అని ప్రేమగా అడగండి. తాతముత్తాతల నుంచి గట్టులోనే ఉన్నా సరే, అడగండి. వచ్చే ఏడూ అడగండి.

4. బడి మీ చేతిలో ఉంటే మీ అదృష్టం పండినట్టే. 2022-23 నుంచి సర్కారు బడుల్లో 1 నుంచి 8 దాకా ఇంగ్లీషు మీడియం వచ్చింది. పుస్తకంలో ఒక పేజీ ఇంగ్లీషు, ఎదుటి పేజీ తెలుగు. రెండు భాషలూ ఇచ్చాం కదా, ఇంకేం కావాలి? తండా నుంచి వచ్చిన పిల్లవాడు ఇంట్లో మాట్లాడేది రెండు పేజీల్లోనూ ఉండదు. దానికి మీరేం చేస్తారు? ఒంటేలుకు పోవాలని వాడు తన భాషలో అడుగుతాడు. అర్థం కానట్టు చూడండి. మళ్ళీ అడుగుతాడు. "తెలుగులో అడుగు" అనండి. నిక్కరు తడుస్తుంది, క్లాసు నవ్వుతుంది. మర్నాడు వాడంతట వాడే ఆఖరు వరసలో కూర్చుంటాడు. మీరు పొమ్మనలేదు. నాలుగు గోర్‌బోలి మాటలు నేర్చుకుంటే పోలేదా అని ఎవరైనా అంటే "అది సిలబస్‌లో లేదు" అనండి. ప్రాథమిక దశలో మాతృభాషలో చదువుకు వసతి చూడమని రాజ్యాంగం 350ఏ అధికరణం చెబుతుంది. దాన్ని జనవరి 26న మైకులో చదివి మళ్ళీ బీరువాలో పెట్టండి.

సీడు పత్తి క్రాసింగు మొదలైతే గద్వాల వైపు పిల్లలు చేన్లోకి పోతారు. హాజరు వెయ్యడం మాత్రం మానకండి. పొద్దంతా ఒక పిల్ల మగపువ్వు తెంపి ఆడపువ్వుకు రుద్దుతూ ఉంటుంది. మీ రిజిస్టర్‌లో మాత్రం తరగతిలో చేతులు కట్టుకొని కూర్చుని ఉంటుంది. లోపలున్న పిల్లను బయటుందని ఎవరనగలరు?

5. చెంచుల దగ్గర భాష సాకు పనికిరాదు, వాళ్ళు మాట్లాడేది తెలుగే. దిగులు పడకండి. ఒకే భాష మాట్లాడేవాణ్ణి కూడా బయట నిలబెట్టొచ్చు, కాస్త ఓపిక కావాలి. 2006 అటవీ హక్కుల చట్టం గ్రామసభ పెట్టమంటుంది. పెట్టండి. కాకపోతే పెంటలో పెట్టకండి. రోడ్డు పక్కన, కుర్చీలూ ఫ్యాన్లూ ఉన్నచోట, తేనె తీసే రోజుల్లో పెట్టండి. రాకపోతే "ఆసక్తి కనబరచలేదు" అని తీర్మానాల పుస్తకంలో రాయండి. వచ్చారా? పునరావాసం, స్వచ్ఛంద సమ్మతి, అభయారణ్య కేంద్రభాగం అంటూ గంటసేపు చదివి వినిపించండి. "అర్థమైందా?" అని అడగండి. పెద్దవాళ్ళు మొహమాటానికి తలూపుతారు. అదే సమ్మతి. వేలిముద్ర వేయించుకోండి.

2019లో యురేనియం తవ్వకాల గొడవప్పుడు రాష్ట్రమంతా నల్లమలను కాపాడుకుందామంది. మీరూ అనండి, పుణ్యం. పోస్టరు మీద పులి బొమ్మ వెయ్యండి. చెంచు బొమ్మ వేస్తే మళ్ళీ ఏం కావాలని అడగాల్సి వస్తుంది.

6. శాలువాను మించిన ఆయుధం లేదు. నాగర్‌కర్నూల్ జిల్లా లింగాల మండలానికి చెందిన దర్శనం మొగులయ్య పన్నెండు మెట్ల కిన్నెర వాయిస్తారు. డక్కలి కుటుంబంలో పుట్టిన కళాకారుడు. 2022లో దేశం ఆయనకు పద్మశ్రీ ఇచ్చింది. 2024లో ఆయన హైదరాబాదు శివార్లలో ఇల్లు కడుతున్నచోట కూలి పని చేస్తున్నారని పేపర్లలో, టీవీల్లో వచ్చింది. అప్పుడు అందరూ అయ్యో అన్నారు. మీరు నేర్చుకోవాల్సింది ఏమిటంటే, శాలువా కప్పేటప్పుడు రెండు చేతులూ దండిగా చాపండి, ఫోటోలో అవతలివాళ్ళ చేతుల్లో ఏముందో కనబడదు.

7. బయటివాళ్ళ గురించి మాట్లాడేటప్పుడు మీ తాతను మరిచిపోండి. పాలమూరు లేబర్ కట్టని డ్యామ్ లేదంటారు. ముంబైలో కామాఠిపురా అన్న పేరు అక్కడికి పనికి పోయిన తెలంగాణ కామాఠీల వల్ల వచ్చిందే. అక్కడ మనవాళ్ళను ఏమని ఉంటారో, సరిగ్గా ఆ మాటలే ఇప్పుడు మిల్లులో బస్తాలు మోసే బీహార్ హమాలీ మీద వాడండి. కొత్తవి కనిపెట్టే శ్రమ ఎందుకు? "వీళ్ళు మన భాష నేర్చుకోరండీ" అనండి. పొద్దుగూకేదాకా మోయించి, మిల్లు వెనక రేకుల షెడ్డులో పడుకోబెట్టి, ఊళ్ళో ఇల్లు అద్దెకియ్యకుండా ఉంటే ఎవరి దగ్గర నేర్చుకుంటాడో మీరు ఆలోచించకండి. డల్లాస్ నుంచి మీ మేనల్లుడు "ఇక్కడ మనోళ్ళను వేరేగా చూస్తున్నరు మామా" అని ఫోన్ చేస్తే మాత్రం చాలా బాధపడండి. రాత్రి అన్నం కూడా మానెయ్యండి.

8. జాతరలో జోగినిని అందరికంటే ముందు నడిపించండి, కొబ్బరికాయ కొట్టండి. జోగిని ఆచారాన్ని 1988లోనే చట్టం నిషేధించింది కదా అంటే "ఇప్పుడెక్కడున్నారండీ" అనండి. ఆమె కొడుకును బడిలో చేర్చడానికి వచ్చినప్పుడు, తల్లి పేరు రాస్తే సరిపోయేచోట, నలుగురి ముందు తండ్రి పేరు అడగండి. గట్టిగా అడగండి.

9. ఉపన్యాసం తప్పదు కాబట్టి ఒకటి కంఠతా పట్టండి. మన ప్రాంతంలో గద్వాల చీర ఉండగా మీకు వేరే సరుకు అక్కర్లేదు. "నూలు ఒళ్ళు, పట్టు అంచు. రెండూ మగ్గం మీదే కలిసినట్టు మన ప్రజలంతా కలిసిమెలిసి..." అనగానే చప్పట్లు పడతాయి. ఎవరు ఒళ్ళు, ఎవరు అంచు అని ఇంతవరకు ఒక్కరూ లేచి అడగలేదు. ఆ చీర నేసినాయనకు ఎంత మిగులుతుందో కూడా అడగలేదు.

10. ఇక ప్రతి నెలా 30న పౌరహక్కుల దినోత్సవం. తహసీల్దారు, ఎస్సై వాడకు వస్తారు, అంటరానితనం నేరమని చెబుతారు. ఇది కాస్త ఇబ్బందే. సభ సమయం కూలికి పోయే వేళకు పెట్టించండి. వాడలో ఎవరూ దొరకరు, మీ మనుషులే కూర్చుంటారు, వాళ్ళకు అప్పటికే అంతా తెలుసు. సహపంక్తి భోజనమంటే ఫోటో వరకు ముద్ద కలపండి, తర్వాత గ్యాస్ ట్రబుల్ అనండి. గుడి తాళం సంగతి ఎవరైనా ఎత్తితే పూజారి ఊరికి పోయాడనండి. ఫిబ్రవరికి 30వ తారీకు లేదు కాబట్టి ఆ నెల మీకు సెలవు.

ఒక్కటి మాత్రం గుట్టుగా ఉంచండి. పోయిన నెల 30న మన వాడలో సభ జరిగిందా, ఎవరు వచ్చారు, ఏం రాసుకుపోయారు అని సమాచార హక్కు చట్టం కింద ఎవరైనా తెల్లకాగితం మీద అడగొచ్చు. మండల ఆఫీసులో అయితే ఐదు రూపాయల ఫీజు, దారిద్ర్యరేఖకు దిగువన ఉన్నట్టు కార్డు చూపిస్తే అదీ లేదు, 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి. ఈ పేరా చింపి దాచుకోండి, వాడలో ఎవరి కంటా పడనివ్వకండి.