డ్రయరు గొట్టానికి టీకా తాత్పర్యం

మూలము: “డ్రయరుగొట్టము లోహమయము, లోన నున్ననిది, కుఱుచది, ఆరుబయలికే తెఱచునది కావలెను.”

టీక: డ్రయరుగొట్టము = అమెరికా ఇళ్లలో బట్టలారబెట్టే యంత్రం వీపు నుంచి బయటి గోడదాకా పోయే నాలుగంగుళాల గాలిదారి; లోహమయము = ప్లాస్టిక్‌ది కానిది; లోన నున్ననిది = ముడతలు లేనిది; కుఱుచది = మలుపులు తక్కువైనది; ఆరుబయలికే = అటకలోకో, గరాజులోకో కాదని భావము; కావలెను = ఇది విధి, సలహా కాదు.

తాత్పర్యము: డ్రయరంటే వేడిపెట్టె అని లోకం అనుకుంటుంది. వేడి చేసేదల్లా బట్టలోని తడిని ఆవిరిగా లేపడమే. ఆ ఆవిరిని ఇల్లు దాటించేది గాలి, ఆ గాలికి దారి గొట్టం. కాబట్టి ఇక్కడ గొట్టమే విశేష్యం, అయిదారు వందల డాలర్ల యంత్రం దానికి విశేషణం. ప్రమాణమేమంటే, అక్కడి గృహనిర్మాణ నియమావళి గొట్టాన్ని మామూలుగా 35 అడుగులకు మించనివ్వదు. మూలతిరిగిన 90 డిగ్రీల మలుపొక్కటి వస్తే అందులో 5 అడుగులు కోసేస్తుంది. అతుకుల దగ్గర స్క్రూ మొన అంగుళంలో ఎనిమిదో వంతుకు మించి లోపలికి రాకూడదంటుంది. ఇంత పట్టుదల ఎందుకంటే, ప్రతి మొనా ప్రతి ముడతా లింటును, అంటే బట్టల నూగును పట్టి ఆపుతుంది. నూగు పేరుకుంటే గాలి మందగిస్తుంది, లోపల వేడి పెరుగుతుంది, నూగేమో అంటుకునే సరుకు. డ్రయరు మంటలకు మొదటి కారణం శుభ్రం చేయకపోవడమేనని ఆ దేశపు అగ్నిమాపక పాలనాసంస్థ చెబుతుంది. బట్టలు ఒక విడతలో ఆరడం లేదని కొత్త యంత్రం కొనేవారు విశేష్యాన్ని వదిలి విశేషణాన్ని మార్చుకుంటున్నారు.

పూర్వపక్షము: పిట్టలు దూరకుండా బయటి మూతికి జాలీ కట్టవద్దా? వద్దు, తడినూగు మొదట మూసేది దాన్నే. గాలి వచ్చినప్పుడు తెరుచుకుని, ఆగితే మూసుకునే రెక్కమూత చాలు. మెలితిరిగే రేకుగొట్టం సులువు కదా? యంత్రానికీ గోడకూ నడుమ, అందుకోసమే ధ్రువీకరించినదైతే, సరే. గోడ లోపల దాచకూడదు. యంత్రాన్ని వెనక్కి తోసినప్పుడు అది నలిగిందో లేదో చూసేవారు అరుదు. చలికాలంలో ఇంత వేడిగాలిని పారబోయడం దుబారా కాదా, ఇంట్లోకే తిప్పుకుందామంటే? బట్టల తడంతా కిటికీల మీదా గోడల మీదా చేరి బూజవుతుంది. గ్యాసు డ్రయరైతే కార్బన్ మోనాక్సైడు కూడా రావచ్చు గనుక ఆ వాదం అక్కడితో చెల్లు. ఇక దండెం కట్టుకుంటే సరిపోదా అనేవారికి టీకాకారుడు పూర్తిగా లొంగిపోతాడు, వారి కాలనీ సంఘం ఒప్పుకుంటే.

మిగిలింది ఒకే గట్టి ఆక్షేపం: గొట్టమే లేని హీట్‌పంపు డ్రయర్లు ఉన్నాయి కదా అని. ఉన్నాయి. అవి ఆవిరిని లోపలే చల్లార్చి నీటిగా మార్చి, తొట్టిలోకో మురుగుదారిలోకో పంపుతాయి. తడి ఇల్లు విడిచిపోవలసిందే. వాటిలో మారింది దారి మాత్రమే. ఆ తొట్టి పారబోయడం మరిస్తే యంత్రం మధ్యలో ఆగి కూర్చుంటుంది.