సెన్సారు బాబాయిగారు

ఉయ్యూరు సెంటర్లో ఈయన్ని గుర్తుపట్టడం తేలిక. వేసుకున్నది పొట్టిచేతుల చొక్కాయే అయినా ఎడమచెయ్యి ఇంకో రెండు మడతలు పైకి ఉంటుంది. జబ్బ వెనకాల, పాతకాలపు రూపాయి బిళ్ళకన్నా కాస్త పెద్దదిగా, తెల్లటి గుండ్రటి వస్తువొకటి అతుక్కుని కనిపిస్తుంది. "దెబ్బేమన్నా తగిలిందా బాబాయ్?" అని ఎవరన్నా అడిగితే ఆయన మొహం వెలిగిపోతుంది. అడగకపోతే దోమ కుట్టినట్టు అక్కడ రెండుసార్లు తడుముకుంటారు. అప్పటికీ అడగకపోతే ఆయనే మొదలుపెడతారు.

"దెబ్బ కాదయ్యా, సెన్సారు. లోపల వెంట్రుకంత తీగ ఉంటుంది. నిమిషానికోసారి షుగరు చూసి ఫోన్లో వేస్తుంది. ఇక్కడ నేను టీ తాగితే డాలస్‌లో మా అమ్మాయికి తెలిసిపోతుంది."

ఈలోగా టీ వస్తుంది. "చక్కెర వెయ్యలేదు కదా?" అని బందరు రోడ్డు అవతలికి వినబడేట్టు అడుగుతారు. వెయ్యలేదంటాడు కుర్రాడు. ఆ ధైర్యంతో రెండు ఉస్మానియా బిస్కెట్లు ముంచుకుని తింటారు. అవి కాస్త ఉప్పగా ఉంటాయి కాబట్టి షుగరు కిందకి రావని ఆయన సిద్ధాంతం.

ఇలాంటి బాబాయిగారు ఇప్పుడు మా ఊళ్ళో వీధికొకరు తగులుతున్నారు. పిల్లలు విదేశాల్లో, పొలం కౌలుకి, ఒంట్లో షుగరూ బీపీ, చేతిలో స్మార్ట్‌ఫోను. ఐసీఎంఆర్ వాళ్ళు 2023లో బయటపెట్టిన సర్వే ప్రకారం దేశంలో షుగరున్నవాళ్ళు 10 కోట్ల పైమాటే. పెద్దవాళ్ళలో మూడోవంతు మందికి మించి బీపీ. అన్ని కోట్ల మందిలో తన షుగరు గురించి ఇంత గర్వపడే మనిషి మాత్రం మా వైపే ఎక్కువ దొరుకుతాడని నా అనుమానం.

అసలు ఉయ్యూరులో కూర్చుని చక్కెరని తిట్టడమే కష్టం. 1940ల నుంచీ ఊరు బతికింది దాని మీదే. కేసీపీ ఫ్యాక్టరీ, చుట్టూ చెరుకు తోటలు, సీజన్లో రోడ్డు నిండా లోడు బండ్లు, గాలి తిరిగితే మొలాసిస్ వాసన. మా బాబాయిగారు ఉద్యోగం చేసిందీ చెరుకు లెక్కల్లోనే. బ్రిక్స్ ఎంత, రికవరీ ఎంత అంటూ సర్వీసంతా రసంలో తీపి కొలిచారు. ఇప్పుడు ఆయన రసాన్ని పిల్లలు కొలుస్తున్నారు. అప్పట్లో శాతం పెరిగితే బోనసు వచ్చేది, ఇప్పుడు పెరిగితే చీవాట్లొస్తున్నాయి. తేడా అంతే.

ఆయన ఒక్కరోజులో ఈ దశకి చేరలేదు. మంతెన సత్యనారాయణరాజు గారి ఉప్పులేని కూరలు తిన్నారు. వీరమాచినేని రామకృష్ణ గారి డైటు ఊపు మీదున్నప్పుడు కొబ్బరినూనె తాగారు. ఖాదర్ వలీ గారి మాట విని కొర్రలు, అండుకొర్రలు బస్తాలు దింపించారు. ఏ దీక్షా ఆరు నెలలు దాటలేదు. ఆ తప్పు దీక్షలది కాదు. మధ్యలో ఎప్పుడూ ఆవకాయ సీజనో, ఎవరిదో పెళ్ళో వచ్చిపడేది.

ఆ రోజుల్లో డాక్టరు దగ్గరికి వెళ్ళడమంటే ఒక యాత్ర. పరగడుపున బస్సెక్కి బెజవాడ వెళ్ళడం, సూర్యారావుపేటలో రక్తం ఇవ్వడం, పక్క హోటల్లో నాలుగిడ్లీలు నెయ్యీ కారప్పొడితో లాగించడం, మళ్ళీ రక్తం ఇవ్వడానికి రెండుగంటలు టైముంది కదా అని బీసెంట్ రోడ్డులో తిరగడం. టిఫినుకీ రెండో రక్తానికీ మధ్య ఉన్న ఆ రెండుగంటలంత హాయి తన జీవితంలో మళ్ళీ లేదంటారు. కరోనా వచ్చి ఆ ముచ్చట తీరిపోయింది. ఫోన్లో వైద్యం చెయ్యడానికి కేంద్రం నియమాలు విడుదల చేసింది 2020 మార్చి 25న, సరిగ్గా లాక్‌డౌన్ మొదలైన రోజున. అప్పుడు పిల్లలు ఫోన్లో పట్టుకున్న డాక్టరుగారే ఇప్పటికీ. రక్తం ఇచ్చే పనీ పోయింది, ఇడ్లీలూ పోయాయి.

దూరాన్నుంచి రోగిని చూడటం నిన్నమొన్నటి సంగతేం కాదు. హాలండ్‌లోని లైడెన్‌లో ఐంథోవెన్ అనే ఆయన 1905లోనే ఆస్పత్రిలో ఉన్న రోగి ఈసీజీని టెలిఫోను తీగ మీద ఒకటిన్నర కిలోమీటరు అవతలున్న తన ల్యాబుకి రప్పించుకున్నాడు. మన చిత్తూరు జిల్లా అరగొండలో అపోలో వాళ్ళు 2000లోనే టెలీమెడిసిన్ కేంద్రం తెరిచారు. కాకపోతే ఆ రోజుల్లో తీగకి ఒక చివర రోగి, ఇంకో చివర డాక్టరు. వాళ్ళిద్దరి మధ్యకి కూతురూ కొడుకూ అల్లుడూ కోడలూ వచ్చి కూర్చోవడమే ఈ కాలం తెచ్చిన కొత్తదనం.

వాట్సాప్‌లో "నాన్న హెల్త్" అని గ్రూపుంది. మనకి రాత్రయితే డాలస్‌లో అమ్మాయి డ్యూటీ. తెల్లవారుజాము నుంచి మెల్‌బోర్న్‌లో అబ్బాయి డ్యూటీ. అదైనా సొంత రక్తం, సరిపెట్టుకోవచ్చు. అల్లుడుగారు ఏదో మంచి ఉద్దేశంతో వాళ్ళ నాన్నని కూడా గ్రూపులో చేర్చాడు. గుడివాడలో ఉంటారాయన. ఇక చూస్కోండి. పొద్దున్నే వియ్యంకుడి ఫోను. "బావగారూ, రాత్రి 240 దాటినట్టున్నారు. ఏవన్నా విశేషమా?"

పెళ్ళిలో కట్నకానుకల దగ్గర కూడా తల వంచని మనిషి, వియ్యంకుడి ముందు ఒక గారెకి సంజాయిషీ చెప్పుకున్నారు.

ఎండాకాలంలో ఒక రాత్రి జరిగింది వినండి. ఎడమవైపు తిరిగి, చెయ్యి ఒంటికింద పెట్టుకుని బాబాయిగారు గుర్రుపెడుతున్నారు. ఈ సెన్సారు చూసేది రక్తాన్ని కాదు, చర్మం కింద కణాల మధ్య ఉండే నీటిని. దాని మీద బరువుపడితే ఆ చోట అంకె ఉత్తుత్తినే పడిపోతుంది. అలా పడింది, 58కి. మనకి రాత్రి రెండున్నర, డాలస్‌లో సాయంత్రం నాలుగు. అమ్మాయి మీటింగులోంచి లేచి ఫోను. "నాన్నా, లేచి కూర్చో. వెంటనే తియ్యగా ఏదన్నా తిను." నిద్రమత్తులో ఉన్న మనిషికి తియ్యగా తినమని కన్నకూతురే చెబితే ఎంతసేపు? బెల్లం గడ్డ, దాని మీద అరటిపండు, దాని మీద ఇంట్లో మిగిలిన పూతరేకు. గంట తిరిగేసరికి గీత కొండెక్కింది. అప్పటికి మెల్‌బోర్న్‌లో తెల్లారింది. "ఏంటి నాన్నా 260? నడిరాత్రి ఏం తిన్నావ్?" అని అబ్బాయి. అమ్మాయి తినమందని ఈయన. నిన్నెవరు చెప్పమన్నారని అబ్బాయి అమ్మాయి మీద. అన్నాచెల్లెళ్ళు రెండు రోజులు మాట్లాడుకోలేదు. ఇంతకీ ఆ రాత్రి ఆయనకి రోగమేం లేదు, చెయ్యి కింద పెట్టుకుని పడుకున్నారు, అంతే.

ఇంత కాపలా పెడితే ఏ మనిషైనా కన్నుగప్పే దారి వెతుక్కుంటాడు. రోజుకి ఎనిమిదివేల అడుగులు నడవాలని అబ్బాయి షరతు. పుల్లేరు గట్టున వంద గజాలు నడిచి, చప్టా మీద కూర్చుని, ఎదురుగా ఉన్న స్నేహితుడితో రాజకీయాలు మాట్లాడుతూ అడుగులు లెక్కపెట్టే వాచీ ఉన్న చెయ్యి ఊపుతుంటారు. ప్రభుత్వాన్ని తిట్టినరోజు అడుగులు ఎక్కువొస్తాయి. ఒకసారి ఆంజనేయస్వామి గుళ్ళో కొబ్బరికాయని బలంగా కొట్టి, కళ్ళు మూసుకుని కదలకుండా దణ్ణం పెట్టుకున్నారు. మనిషి దబ్బున పడి, చలనం లేకుండా ఉన్నాడని వాచీ తేల్చేసింది. తీర్థం చేతిలో పడేలోపు రెండు ఖండాల నుంచీ ఫోన్లు.

మాఘమాసంలో భీష్మ ఏకాదశికి మొదలై పదిహేను రోజులు సాగే వీరమ్మ తల్లి తిరునాళ్ళలో అయితే ఆయన పెద్ద పథకమే వేశారు. ఫోను ఇంట్లో ఛార్జింగుకి పెట్టేసి బయల్దేరారు. ఫోను లేకపోతే సాక్ష్యం ఉండదని లెక్క. తిరునాళ్ళలో జిలేబీలు చుడుతున్న కొట్టు ముందు ఆయన్ని నేను కళ్ళారా చూశాను. మొదటిది కొరికినప్పుడు పాకం మోచేతిదాకా కారింది. దాన్ని కూడా వదల్లేదు. పావుకిలో అక్కడే అయింది, ఆపైన జీళ్ళు, ఆపైన చెరుకురసం. చెరుకురసం తాగుతూ "బ్రిక్స్ బానే ఉంది" అని కితాబు కూడా ఇచ్చారు. రాత్రి తృప్తిగా ఇంటికొచ్చి ఫోను తీసి సెన్సారుకి తాకించారు. ఫోను దగ్గర లేకపోయినా ఎనిమిది గంటల లెక్క అది తనలో దాచుకుంటుందని ఆయనకెవరూ చెప్పలేదు. జిలేబీ వేళకి జిలేబీ, జీళ్ళ వేళకి జీళ్ళు, గీతంతా బారులు తీరి డాలస్ చేరింది. గుడివాడా చేరింది.

"తిరునాళ్ళు బాగా జరిగినట్టున్నాయి బావగారూ," అన్నారట వియ్యంకుడుగారు.

నవ్వుతున్నాను గానీ ఆ బిళ్ళని తక్కువ చెయ్యడం లేదు. ఇన్సులిన్ మీద బతికే చిన్నపిల్లలకి, నిద్రలో షుగరు పడిపోయేవాళ్ళకి అది నిజంగా ప్రాణాలు కాపాడే వస్తువు. రోజుకి నాలుగుసార్లు వేళ్ళు పొడుచుకునే బాధ తప్పించింది. మా బాబాయిగారికి కూడా మూడు నెలల షుగరు సగటు తొమ్మిది దాటి ఉన్నది ఏడున్నరకి దిగింది. అందులో సగం మందుల ప్రభావం, సగం వియ్యంకుడి ప్రభావం.

నా పేచీ వేరే చోట. ఆ ఇంట్లో షుగరున్న మనుషులు ఇద్దరు. పిన్నిగారికి ఆయనకంటే ముందునుంచే ఉంది. ఈ సంగతి ఊళ్ళో చాలామందికి తెలీదు, ఎందుకంటే ఆవిడ జబ్బ మీద ఏ బిళ్ళా లేదు. ఆవిడ పేరన గ్రూపూ లేదు. రెండు వారాలకి ఒక సెన్సారు అయిపోతుంది, ఒక్కోటి వేలల్లో ఖరీదు, ఇద్దరికెందుకులే అని ఆవిడే అందిట. ఏఎన్ఎం నర్సు వచ్చినప్పుడు వేలు చాపి, ఆ అమ్మాయి ట్యాబులో ఎక్కించుకున్న అంకెని తన పుస్తకంలో కూడా రాయించుకుంటుంది. అన్నం తిన్నాక మాత్ర వేసుకుంటుంది. చెయ్యి వణికితే చిటికెడు పంచదార నోట్లో వేసుకుని పొయ్యి దగ్గరికి వెళ్ళిపోతుంది. బాబాయిగారు పద్నాలుగంకెల ఆభా హెల్త్ కార్డుకి ల్యామినేషన్ చేయించి పర్సులో పెట్టుకున్నారు. పిన్నిగారి కార్డు ఉందో లేదో ఆవిడకే తెలీదు.

పోనీ ఈ వైద్యంతో ఆవిడకి సంబంధం లేదా అంటే, మొత్తం నడిపేది ఆవిడే. వాచీ ఛార్జింగు పెట్టేది ఆవిడ. పళ్ళెం ముందు పెట్టి, తినకముందు ఫొటో తీసి గ్రూపులో పంపేది ఆవిడ. నడిరాత్రి ఫోను మోగితే ముందు లేచేదీ ఆవిడే. ఈ సరంజామా అంతటిలో కంపెనీ వాళ్ళు పెట్టెలో పెట్టి పంపని పార్టు పిన్నిగారు. ఆవిడ నాలుగు రోజులు పుట్టింటికి కాటూరు వెళ్తే గ్రాఫు ఖాళీ.

మొన్న వీడియో కాల్‌లో డాక్టరుగారు షుగరెంతో అడగలేదు, అదెలాగూ ఆయన ముందు కనబడుతూనే ఉంది. "పాదాలు చూపించండి" అన్నారు. బాబాయిగారికి అర్థం కాలేదు, ఫోను మొహానికి ఇంకాస్త దగ్గరగా పెట్టుకున్నారు. పిన్నిగారు ఫోను లాక్కుని ఆయన కాలు ఎత్తి చూపించింది. అరికాల్లో, బొటనవేలి మొదట్లో, రూపాయంత ఎర్రటి కమిలిన మచ్చ. చెప్పు తిప్పి దులిపితే శనగగింజంత గులకరాయి. పొద్దుటినుంచీ దాని మీదే నడిచారాయన. తెలీలేదు. నిమిషం నిమిషం షుగరెంతో తెలిసిన మనిషికి కాలికింద రాయి ఉన్న సంగతి తెలీలేదు. షుగరు ముదిరితే పాదాల్లో స్పర్శ తగ్గుతుంది. డాక్టరుగారు ఏడాదికోసారన్నా మనిషి స్వయంగా వచ్చి పాదాలూ కళ్ళూ చూపించుకోవాల్సిందేనని గట్టిగా చెప్పారు. బాబాయిగారి ఫోన్లో ఉన్న ఏ యాపులోనూ ఆ రెండూ లేవు.

ఆయన మాత్రం సంతోషించారు. సూర్యారావుపేట అంటే పక్క హోటలు ఇంకా ఉందా అని వాకబు మొదలుపెట్టారు.

డాలస్‌లోనూ మెల్‌బోర్న్‌లోనూ ఉన్న పిల్లలకి ఒక విన్నపం. ఈసారి ఫోను చేసినప్పుడు "నాన్న ఏం తిన్నారమ్మా?" అని అడగబోయేముందు, అమ్మ షుగరెంతో అడగండి. "నాకేమయిందిరా, నేను బానే ఉన్నా" అంటుంది. నమ్మకండి. ఏఎన్ఎం రాసిచ్చిన పుస్తకం ఫొటో తీసి పంపమనండి. నాన్నని బెజవాడ పంపేరోజున అమ్మని కూడా అదే కారెక్కించి, ఆవిడ కళ్ళూ పాదాలూ కూడా చూపించండి.