అరమండికి వాయిదా

చివరికి కేరళ బడిపిల్లల కళల పోటీకి, అదే కళోత్సవానికి, ట్రిబ్యునల్ కూడా వస్తుందట. రానివ్వండి. పన్నులకు ఉంది, పర్యావరణానికి ఉంది, అరమండికి మాత్రం ఏం తక్కువ? కేరళ హైకోర్టునూ అనలేం. ఏటా జనవరి వచ్చేసరికి భూతగాదాలు పక్కన పెట్టి, పదో తరగతి పిల్ల కూచిపూడికి ఏ గ్రేడు రావాలో వినమంటే ఎవరికైనా విసుగే. వేరే ఏర్పాటు చూసుకోండని 2025లో సర్కారుకు చెప్పేసింది.

మా శ్రీహరికోటలో మలయాళీలకు కొదవ లేదు. వాళ్ల పుణ్యమా అని కళోత్సవం కబుర్లు మా కాలనీకి సంక్రాంతి పిండివంటలతో పాటే చేరతాయి. ఎవరి మేనకోడలికి ఏ గ్రేడు వచ్చిందన్నది పాత ముచ్చట. ఎవరి అప్పీలు ఏ కోర్టులో ఉందన్నదే ఇప్పటి ముచ్చట.

కేరళలో జిల్లాలు 14. జిల్లాకొకరు చొప్పున 14 మంది ఆడితే పోటీ అయిపోవాలి. కానీ జిల్లాలో రెండో స్థానం వచ్చిన పిల్ల నాన్న ఊరుకుంటాడా? ముందు విద్యాశాఖకు అప్పీలు. కాదంటే మున్సిఫ్ కోర్టు, లోకాయుక్త, బాలల హక్కుల కమిషన్, హైకోర్టు. ఇన్ని గుమ్మాల్లో ఏదో ఒకటి తెరుచుకోకపోదు. మధ్యంతర ఉత్తర్వు చేతిలో పడగానే కాళ్లకు గజ్జెలు. అలా 14 కాస్తా పెరిగి, పొద్దు వాలేలోపు ముగియాల్సిన పోటీ అర్ధరాత్రి దాటుతుంది. ముఖానికి రంగేసుకున్న పిల్లలు కుర్చీల్లోనే కునుకు తీస్తుంటారు.

ఇక అభ్యంతరాలు. చాప జారింది. మైకు గరగరలాడింది. జడ్జి పక్క టీచరుకు చుట్టం. అన్నిట్లోకీ నాకు నచ్చింది తరంగం మీద తగువు. కృష్ణా జిల్లా కూచిపూడిలో భాగవతుల ఇళ్లలో పెరిగిన విద్య, ఇత్తడి పళ్లెం అంచున పాదాలు నిలిపి ఆడే ఆట, ప్రయాణం చేసి చేసి అఫిడవిట్‌లో ఒక పేరా అయి కూర్చుంది. పళ్లెం పక్కకు తిరిగిందా, వేదికే ఒరిగిందా? సాక్ష్యం మేనమామ ఫోన్లో తీసిన వీడియో. మేనమామ తీసిన వీడియోలో మేనకోడలు ఎప్పుడైనా ఓడిందా? దాన్ని చూసి తాళం తప్పిందో లేదో తేల్చాల్సింది నిన్నటిదాకా చెక్‌బౌన్సు కేసులు విన్న పెద్దమనిషి. ఆయన నట్టువాంగం నేర్చుకుని వచ్చేదాకా వాయిదా అడుగుదామా?

1958లో ఈ కళోత్సవం వేదిక మీదే, తర్వాత పేరున్న గాయకులైన యేసుదాసు పాటలో, జయచంద్రన్ మృదంగంలో మొదటి బహుమతులు పట్టుకెళ్లారు. రెండో స్థానం వాళ్లకు వకీలు దొరకలేదు కాబోలు.

ఇక్కడితో నవ్వు ఆపేస్తాను. 2018లో త్రిసూర్ కళోత్సవానికి బాలల హక్కుల కమిషన్ పేరుతో దొంగ ఉత్తర్వులు వచ్చాయి. అరెస్టయిన వాళ్లలో నాట్యం నేర్పే గురువులున్నారు. పిల్లల్ని కాపాడాల్సిన సంస్థ పేరు మీద దొంగ కాగితం పుట్టించి, ఆ పిల్లల్నే వేదిక ఎక్కించాలని చూశారు. సిగ్గు లేదూ? ఓటమి వస్తే ఏం చెయ్యాలో గురువు నేర్పాల్సిన వయసులో ఫోర్జరీ నేర్పారు. ఏ పిల్లా తనంతట తాను వకాలత్తు మీద సంతకం పెట్టదు. పెట్టించేది పెద్దలే.

ఓటమి మా శ్రీహరికోటకూ తెలుసు. 1979 ఆగస్టు 10న ఇక్కణ్నుంచి లేచిన ఎస్‌ఎల్‌వి-3 రాకెట్ బంగాళాఖాతంలో పడింది. అప్పటి ఇస్రో ఛైర్మన్ సతీశ్ ధవన్ విలేకరుల ముందుకొచ్చి బాధ్యత నాదన్నారు. భూమ్యాకర్షణ మీద స్టే అడగలేదు. లోపం వెతికారు, మరుసటి జూలైలో రోహిణి ఉపగ్రహం కక్ష్యకెక్కింది. అదే రాకెట్ కేంద్రంలో ఉద్యోగం చేసే ఒక తండ్రి మొన్న కూతురికి రెండో బహుమతి ఇచ్చారని బడికెళ్లి జడ్జిల మార్కుల షీటు జిరాక్సు అడిగాడు. సమాచార హక్కు చట్టం సెక్షన్లు కూడా చదివాడట. పిల్ల గుమ్మం బయట నిలబడి గోళ్లు కొరుక్కుంటోంది.

కళ మీద ప్రేమ, న్యాయం మీద నమ్మకం అని నాకు చెప్పకండి. కళోత్సవంలో ఎ గ్రేడు వస్తే పబ్లిక్ పరీక్షలో గ్రేస్ మార్కులు కలుస్తాయి. ట్రిబ్యునల్ సంగతి తర్వాత చూద్దాం. ముందు ఒక్క ఏడాది ఆ మార్కులు తీసేసి, ఎంతమంది వకీలును పెట్టుకుంటారో లెక్కపెట్టండి.